లోవమ్మ ఉంగరపు వేలు

"స్క్రూడ్రైవరు ఇలాగియ్యి. ఇప్పుడే ఊడదీసేత్తాను."

ఎర్రయ్య పంచె ఎగ్గట్టి గుమ్మం ముందు గొంతుక్కూర్చున్నాడు. తలుపుకి వీపు ఆనించి ఇందు నిలబడింది. ఆమె నడుము పక్కనే కొత్త తాళం నల్లగా మెరుస్తోంది. దానికి తాళంచెవి లేదు. వేలు పెడితే తెరుచుకుంటుంది.

"ఊడదీయడానికి వీల్లేదు మావయ్యా."

"ఏటీ?"

"ఇవాళ ఇది ఊడిందంటే, ఆదివారం మా అత్తని బయట నిలబెట్టింది నేనేనని ఒప్పుకున్నట్టు. నేను చెయ్యలేదు. చెయ్యని తప్పుకి ఒక్క మర కూడా కదలనివ్వను."

ఎర్రయ్య తలెత్తి చూశాడు. ఇందు అత్త లోవమ్మకి సొంత తమ్ముడు, మొగుడు ధనరాజ్‌కి మేనమామ. పూడిమడకలో పడవల వాళ్ళు తగువు పడితే తీర్చడానికి ఇతన్నే పిలుస్తారు. కొత్త కోడలు ఇలా ఎదురు నిలబడుతుందని అతను అనుకోలేదు.

హాల్లోంచి ఆడపడుచు లక్ష్మీకుమారి గొంతు దూసుకొచ్చింది.

"నువ్వు కాకపోతే ఎవరు సేసేరే? గాలొచ్చి సేసిందా? కొట్లో ఇయ్యే కదా అమ్ముతావు. తాళం తెచ్చింది నువ్వు. బిగించింది నువ్వు. అందరి వేళ్ళూ ఎక్కించింది నువ్వు. మా అమ్మ వేలు తీసేసింది మాత్రం ఇంకోరా?"

"మీ అమ్మ వేలు ఎవరూ తియ్యలేదు వదినా. ఫోన్లో ఉంది. చూపించేను కదా."

"ఫోన్లో ఉంటే తలుపెందుకు తెరుసుకోలేదు?"

ఆదివారం రాత్రి నుంచీ ఇందునీ తొలుస్తున్న ప్రశ్న అదే.

ఆ రోజు ఇంట్లో ఎవరూ లేరు. ఎప్పుడూ ఆదివారం సెలవుండే ధనరాజ్‌ని అచ్యుతాపురం కంపెనీ వాళ్ళు హఠాత్తుగా డ్యూటీకి రమ్మన్నారు. కొత్త సరుకు దిగిందని ఇందుని కొట్టుకి పిలిచారు. చేపల తట్టతో మెట్లెక్కి వచ్చిన లోవమ్మ వేలు పెట్టింది. ఎర్ర దీపం వెలిగింది. మళ్ళీ పెట్టింది. మళ్ళీ ఎరుపే. ఇంకోసారి గట్టిగా నొక్కేసరికి, దొంగ తలుపు గీకుతున్నాడనుకుని తాళం సైరన్ ఎత్తుకుంది.

గవరపాలెంలో ఆ వీధి వీధంతా బయటికొచ్చింది. కింది వాటాలో ఉండే ఇంటాయన సన్యాసిరావు కర్ర పట్టుకుని పైకి పరిగెత్తాడు. "ఎవరు నువ్వు? ఇక్కడేం పని?" అని గద్దించాడు. ఇన్నాళ్ళూ వేలు పెట్టి నేరుగా లోపలికెళ్ళిపోయే ఆమెని అతను ఎన్నడూ చూడలేదు.

"నేను ధనరాజ్ తల్లిని" అని ఒక్క మాట అంటే సరిపోయేది. లోవమ్మ అనలేదు. తట్ట నెత్తికెత్తుకుని మెట్లు దిగింది. కొడుకు కోసం తెచ్చిన చేపల్ని ఆ వీధిలోనే, ఇంటింటి ముందూ కేకేసి అమ్మేసింది. ఖాళీ తట్టతో పూడిమడక వెళ్ళిపోయింది.

"సూడమ్మాయ్," ఎర్రయ్య లేచి నిలబడ్డాడు. "మాటలొద్దు. పొద్దు గూకేలోగా పూడిమడక వచ్చి, మా అప్ప కాళ్ళట్టుకుని తప్పయిపోనాదని సెప్పు. లేదంటే మా గుంటడు ధనరాజు మాతో వచ్చేత్తాడు. నువ్వూ నీ తాళం ఈ ఇంట్లో సుకంగా ఉండండి."

పసుపుతాడు రంగు ఇంకా వెలవలేదు. అప్పుడే ఈ మాట!

ఇందు మొగుడి వైపు చూసింది. కంపెనీ బస్సు మానేసి ఇంట్లో ఉండిపోయిన ధనరాజ్ కుర్చీలో కూర్చుని, ఫోన్‌ని బోర్లా తిప్పి, మళ్ళీ వెల్లకిలా తిప్పుతున్నాడు.

"ఒక్క మాట అనెయ్ ఇందూ," అన్నాడు తల ఎత్తకుండానే. "అమ్మే కదా. నీదేం పోయింది?"

"నా మాట పోద్ది."

"పెద్దోళ్ళ ముందు అలా బిగుసుకుంటే ఎలా?"

"ఒక్కటి చెప్పు. నేనే చేసేనని నువ్వూ నమ్ముతున్నావా?"

అతను ఫోన్‌ని మళ్ళీ బోర్లా తిప్పాడు.

"నేనలా అన్నానా?" అన్నాడు.

అందులో ఔను లేదు, కాదు లేదు. ఇందుకి ఒళ్ళు మండింది. స్కూటీ తాళంచెవి తీసుకుంది.

"మావయ్యా, స్క్రూడ్రైవరు చేతిలోనే ఉంచుకోండి. మా అత్తని తీసుకొత్తాను. అప్పటిదాకా ఎవరూ దీన్ని ముట్టుకోవద్దు."

"అప్ప రాదు!" వెనకనుంచి ఎర్రయ్య అరిచాడు. "ఆ గుమ్మం తొక్కనని ఒట్టేసుకుంది!"

ఇందు అప్పటికే సగం మెట్లు దిగిపోయింది.

* * *

అచ్యుతాపురం దారిలో కంపెనీ బస్సులు ఒకదాని తోక పట్టుకుని ఒకటి పోతున్నాయి. వాటి పొగలో స్కూటీ నడుపుతూ ఇందు ఆ తాళం ఇంటికొచ్చిన రోజునే తలుచుకుంది.

మొదటి వేలు అత్తదే కావాలని పట్టుబట్టింది తను. "నీ తర్వాతే మేం" అంది. కానీ లోవమ్మ కుడిచేతి వేళ్ళు ఒక్కటీ పలకలేదు. పొలుసు గీకి, ఐసులో నాని, ఉప్పులో ఒరుసుకుని గీతలన్నీ అరిగిపోయాయి. "రేసను డిపో మిసనుకే నాను మనిసినని తెలవదు. నీ తాళానికేటి తెలుత్తాది?" అని నవ్వేసింది.

ఇందు వదల్లేదు. ఒక్కో వేలూ తుడిచి, ఊది, మళ్ళీ మళ్ళీ పెట్టించింది. ఎడమచేతి ఉంగరపు వేలు దగ్గర పచ్చ దీపం వెలిగింది. అంతే, లోవమ్మ చిన్నపిల్లయిపోయింది. తలుపు మూసి తెరిచి, మూసి తెరిచి, ఆఖరికి పక్కింటావిడని పిలిచి మరీ చూపించింది. "నా కోడలు సేసింది. నా వేలు ఏడెడితే ఆడ నా ఇల్లు!"

ఆ తర్వాత ప్రతి ఆదివారం పొద్దెక్కేసరికి చెప్పాపెట్టకుండా తలుపు తెరుచుకునేది. చేపలతో లోవమ్మ నేరుగా వంటింట్లో ఉండేది. ఆ మధ్య ఒక ఆదివారం... ఆ సంగతి గుర్తొచ్చి ఇంత కోపంలోనూ ఇందుకి బుగ్గలు వేడెక్కాయి. తలంటుకుని వచ్చిన తన జుట్టు ధనరాజ్ తువ్వాలుతో తుడుస్తున్నాడు. తను లంగా, జాకెట్టుతో ఉంది. తుడవడం మానేసి అతను మెడ మీద ముద్దు పెట్టిన క్షణానే తలుపు 'టక్'మంది. అత్త గిరుక్కున గోడ వైపు తిరిగి, "నానేటీ సూడలేదర్రా" అంటూ వంటింట్లోకి దూరిపోయింది. నవ్వు ఆపుకోలేక ఇందు దిండులో మొహం దాచుకుంది. ధనరాజ్ మాత్రం ఆ రోజంతా తల్లి మొహం చూడలేకపోయాడు.

పూడిమడకలో లోవమ్మ వసారాలోనే దొరికింది. ఐసు పెట్టెలో సందువా చేపలు పేరుస్తోంది. స్కూటీ చప్పుడు విని కూడా తలెత్తలేదు.

"కాళ్ళట్టుకోడానికొచ్చేవా?"

"లేదు అత్తా. పందెం కాయడానికి."

లోవమ్మ చెయ్యి ఆగింది. ఐసు గడ్డ ఒకటి జారి కింద పగిలింది.

"ముప్పయ్యేళ్ళే," అంది నెమ్మదిగా. "ముప్పయ్యేళ్ళు తట్ట నెత్తినెట్టుకుని అనకాపల్లి గుమ్మాలన్నీ తిరిగేను. ఒక్కరు లోపలికి రమ్మనలేదు. నాను అడగలేదు. సేపలమ్మి గుమ్మం బయటే ఉంటాది. అది యాపారం. సిగ్గు పడలేదు. ఆ డబ్బుతోనే ఆడ్ని సదివించేను. గానీ కొడుకు గుమ్మం యాపారం కాదు కదే?"

ఇందు వంగి పగిలిన ఐసు ముక్కలు ఏరింది. ఇక్కడ ఏడిస్తే ఓడిపోయినట్టే.

"నాకు ఫోన్ చెయ్యాల్సింది అత్తా. కొట్లోంచి పరిగెత్తుకొచ్చేదాన్ని."

"కొడుకింట్లోకెల్లడానికి ఫోనా? ఆడూ అంతే. శనివారం ఫోన్ సేసి, 'అమ్మా, వచ్చి గంట కొట్టు' అన్నాడు. నాకు గంటెందుకురా, నా వేలుంది అన్నాను. ఎంత గొప్పగా అన్నాను! పడవకాడ అందరి ముందూ అన్నాను."

ఆ మాట ఇందు చెవిన పడింది కానీ, అప్పుడు దాన్ని పట్టుకునే తీరిక లేకపోయింది.

"మరి చేపలు మా వీధిలోనే ఎందుకమ్మేవు?"

"దొంగనుకున్నారు. దొంగని కాదు, సేపలమ్మినని తెలవద్దా?" లోవమ్మ కళ్ళలో మెరుపు కదిలింది. "కర్రట్టుకునొచ్చినాయన లేడూ, మీ ఇంటాయన. ఆయనే బేరమాడి కోనాం సేప కొన్నాడు. కర్ర సంకలో ఎట్టుకుని మరీ ఏరుకున్నాడు."

ఇద్దరికీ నవ్వు వచ్చింది. ఇద్దరూ బిగబట్టుకున్నారు.

"అత్తా, నా మాట విను. ఇప్పుడొచ్చి, అందరి ముందూ ఆ వేలు పెట్టు. తెరుచుకోకపోతే తప్పు నాదే. నా బట్టలు నేనే సర్దుకుని బంగారమ్మపాలెం మా నాన్న దగ్గరికి పోతాను. ఎవరూ పంపక్కర్లేదు."

"తెరుసుకుంటే?"

"మొదటి అడుగు నీది. ఇంక ఆ గుమ్మం గురించి నోరెత్తే హక్కు ఎవరికీ ఉండదు. ఎర్రయ్య మావయ్యకి కూడా."

లోవమ్మ కోడల్ని పైనుంచి కిందికి చూసింది.

"నీకు పొగరెక్కువే."

"ఎంచుకున్నది నువ్వే కదా."

"అందుకే ఎంచుకున్నాను," అంది లోవమ్మ, చేతులు కొంగుకి తుడుచుకుంటూ. "బండి తియ్యి."

* * *

మెట్ల మీద జనం. ఆదివారం సైరన్ విన్నవాళ్ళంతా ఇప్పుడు తీర్పు వినడానికి వచ్చినట్టున్నారు. సన్యాసిరావు ఈసారి కర్ర లేకుండా వచ్చాడు.

ఇందు ఇంట్లో వాళ్ళందరినీ బయటికి రమ్మని తలుపు లాగేసింది. తాళం 'టక్'మని పడింది.

"ఎందుకిదంతా?" ధనరాజ్ గొంతు కీచుగా వచ్చింది. "అమ్మా, నువ్వు లోపలికి రా. తాళం పీకేద్దాం. రేపే మామూలు గడియ పెట్టించేత్తాను. అయిపోద్ది."

"అయిపోదు," అంది ఇందు. "అత్తా, పెట్టు."

లోవమ్మ ఎడమచేతిని కొంగుతో శుభ్రంగా తుడుచుకుంది. ఉంగరపు వేలు చాపింది. లోపల బీరువా పక్కనున్న తన సూట్‌కేసు ఒక్క క్షణం ఇందు కళ్ళ ముందు కదిలింది.

పచ్చ దీపం!

గడియ లోపలికి జారింది. తలుపు తెరుచుకుంది.

మెట్ల మీద ఎవరో "అబ్బో" అన్నారు. ఎర్రయ్య స్క్రూడ్రైవరుతో తల గోక్కున్నాడు.

"ఇదేటప్పా? బానే ఉంది కదా! ఆదివారం తడి వేలెట్టుంటావు. సేపల తడి."

"తుడుసుకునే ఎట్టేను," అంది లోవమ్మ.

"ఇంకో వేలెట్టేవేమోనమ్మా," సన్యాసిరావు పెద్దమనిషిలా దగ్గాడు. "మిషను అబద్ధమాడదు కదా."

"అమ్మా!" లక్ష్మీకుమారి నెత్తి కొట్టుకుంది. "నీ వల్ల ఎంత గొడవే! మామని తీసుకొచ్చేను, పిల్లదాన్ని నానా మాటలూ అన్నాను. సరిగ్గా ఎట్టుకోవడం రాకపోతే రాలేదని సెప్పొచ్చు కదా!"

నిమిషం క్రితం ఇందు వైపు చూసిన కళ్ళన్నీ లోవమ్మ మీదికి తిరిగాయి. ముసలామెకి మిషను తెలియలేదు. తెలియక వీధిలో పరువు తీసింది. అందరి మొహాల్లోనూ అదే.

లోవమ్మ తన వేలు వైపు చూసుకుంది. తట్ట మోసి మోసి ఎన్నడూ వంగని ఆ మెడ మొదటిసారి కిందికి దిగింది.

"పోనీలే. తెరుచుకుంది కదా," ధనరాజ్ గబగబా అన్నాడు. "రండి, రండి, అందరికీ టీ పెడతాం."

ఇందు పందెం గెలిచింది. ఇక్కడితో ఊరుకుంటే చాలు. టీ తాగి అందరూ వెళ్ళిపోతారు. ఆమె మాట నిలిచింది, కాపురం నిలిచింది.

"ఆగండి," అంది ఇందు. "మా అత్త అబద్ధమాడదు."

"అబద్ధమని ఎవరన్నారు..."

"అన్నారు. నోటితో అనలేదు, అంతే." ఇందు మనసు గిరగిరా తిరుగుతోంది. అదే వేలు. అదే తాళం. ఆదివారం పలకలేదు, ఇవాళ పలికింది. మధ్యలో మారిందేమిటి? వేలు కాదు, తాళం కాదు...

వారం!

ఫోన్ తీసింది. తాళం బొమ్మ నొక్కింది. వేళ్ళ పేర్లలో 'అత్త' దగ్గర ఆగింది. ఇంతవరకూ పేరు ఉందో లేదో మాత్రమే చూసింది. ఇప్పుడు ఆ పేరు మీద నొక్కింది.

వారాలు వరసగా కనిపించాయి. సోమవారం నుంచి శనివారం దాకా పచ్చగా వెలుగుతున్నాయి. ఆదివారం దగ్గర దీపం ఆర్పేసి ఉంది.

ఫోన్ ఎత్తి అందరికీ చూపించింది.

"ఇది చూడండి. ఏ వేలుకి ఏ రోజు తలుపు తెరవాలో మనం చెప్పొచ్చు. ఇది పనిమనుషుల కోసం పెట్టిన ఏర్పాటు. కొట్లో నేనే చెప్పి అమ్ముతాను. 'పనమ్మాయి సెలవు రోజున తలుపు తెరుచుకోదండీ' అని. మా అత్తకి పెట్టాలన్న ఊహే రాక ఇందులోకి తొంగి చూడలేదు." ఫోన్ ఇంకాస్త పైకెత్తింది. "ఎవరో పెట్టేరు. మా అత్త వేలుకి ఆదివారం నాడు తలుపు తియ్యొద్దని చెప్పేరు."

సన్యాసిరావు ఫోన్ దగ్గరికి వంగి చూశాడు.

"ఎవరో ఏటి?" లక్ష్మీకుమారి తేరుకుంది. "ఫోన్ నీ సేతిలోనే ఉంది కదా!"

"ఈ తాళం రెండు ఫోన్ల మాట వింటాది వదినా."

ధనరాజ్ చెయ్యి తనంతట తనే చొక్కా జేబు మీదికి పోయింది.

ఇందు ఆ చేతిని చూసింది. తువ్వాలు పట్టుకున్న చెయ్యి. 'టక్'మన్న తలుపు. రోజంతా తల్లికి మొహం చూపించలేని మొగుడు. "ఇలా అయితే కుదరదే" అని ఆ రాత్రి గొణిగిన మాట. తను నవ్వేసి మర్చిపోయింది. అతను మర్చిపోలేదు. వేలు పలకకపోతే గంట కొడుతుంది, గంట కొడితే సర్దుకునే వీలుంటుంది... ఆ ఆదివారమే డ్యూటీ పడుతుందని, గంట వినడానికి ఇంట్లో ఎవరూ ఉండరని అతను అనుకోలేదు. అంతే. ఆ ఒక్క మాట చెప్పలేక, నిన్నా ఇవాళా పెళ్ళాం మీద పడ్డ నింద వింటూ కూర్చున్నాడు.

పెళ్ళాం మీద పడ్డప్పుడు చెప్పలేదు. ఇప్పుడు తల్లి మీద పడింది. ఇప్పుడూ చెప్పడం లేదు!

"చెప్పు," అంది ఇందు చిన్నగా, జనానికి వినబడకుండా. "నువ్వే చెప్పు. నాచేత చెప్పించకు."

ధనరాజ్ చూపు మేనమామ మీదికి, ఇంటాయన మీదికి, మెట్ల మీది జనం మీదికి పరిగెత్తి నేల మీద పడింది.

ఇందు తల పైకెత్తి నోరు తెరిచింది.

చేపల వాసన ఇంకా వదలని చెయ్యి ఒకటి ఆమె నోటికి అడ్డం వచ్చింది.

"నువ్వు సెప్పకు," అంది లోవమ్మ. "మొగుడి పేరు నలుగురిలో నీ సేత పలికించను. ఆ బరువు నాది. కన్నదాన్ని నాను."

ఆమె మెడ మళ్ళీ నిటారుగా లేచింది. కొడుకు వైపు చూస్తూనే మాట్లాడింది.

"శనివారం ఫోన్ సేసి, 'అమ్మా, వచ్చి గంట కొట్టు' అన్నావు. నా వేలుంది కదరా అన్నాను. నువ్వేటీ అనలేదు. ఆ వేలు పలకదని అప్పటికే తెలిసినోడు ఒక్కడే ఉన్నాడు."

"అమ్మా, అది కాదే..."

"నిన్నే సెప్పమని అడిగింది నీ పెళ్ళాం. అప్పుడు మాట్టాడలేదు. ఇప్పుడు నా వంతు."

తెరిచిన తలుపు ముందే నిలబడింది లోవమ్మ. గుమ్మం మాత్రం తొక్కలేదు. జనం వైపు తిరిగింది. ముప్పయ్యేళ్ళు అనకాపల్లి వీధుల్లో ఈ చివర కేకేస్తే ఆ చివర తలుపులు తెరిపించిన గొంతు అది. దాచుకోకుండా, తగ్గించుకోకుండా ఎత్తింది.

"అందరూ ఇనండి. ఆదివారం నాడు సైరన్ ఇన్నారు కదా, ఇదీ ఇనండి. ఎర్రయ్యా, ఆ స్క్రూడ్రైవరు జేబులో ఎట్టుకో. తప్పు తాళానిది కాదు. నా కోడలిది అసలే కాదు. నా మొహం మీద తలుపేసినోడు నా కొడుకు. ధనరాజు!"